పోలిక ఎవరితో? రవీందర్ రెడ్డి శిల్పాల్లో మనిషి ముఖం

కోనసీమలోని కొత్తపేటలో విగ్రహాలు చేసే శిల్పులున్నారు. విగ్రహం చేయించుకునేవారు అక్కడికి ముందుగా ఫొటోలు పట్టుకుని వెళతారు: ఎదురుగా తీసినది ఒకటి, పక్కనుంచి తీసినది ఒకటి, దొరికితే నిలువెత్తుది ఇంకొకటి. బంకమట్టిలో తల ఒక రూపానికి వచ్చాక, అచ్చు తీయడానికి ముందు, ఇంటివాళ్లు వచ్చి చూసుకుంటారు. అప్పుడు అందరి నోటా వచ్చే మాట ఒక్కటే, పోలిక వచ్చిందా అని. బుగ్గ ఇంకాస్త లోపలికి ఉండేదని ఒకరు, ముక్కు చివర అంత మొనదేలి ఉండేది కాదని మరొకరు, ఆ నవ్వు ఆయన నవ్వులా లేదని వేరొకరు చెబుతుంటే శిల్పి ఒకచోట మట్టి తీసి మరొకచోట అద్ది, వాళ్లు తల ఊపేవరకు సరిచేస్తూనే ఉంటాడు. శిల్పం బాగుందా లేదా అన్న తీర్పు అక్కడ శిల్పి చేతిలో ఉండదు. ఆ మనిషితో కలిసి బతికినవాళ్ల చేతిలో ఉంటుంది.

ఇదే మట్టితో, ఇదే పద్ధతిలో తలలు చేస్తూ, పోలికను సరిచూడటానికి ఎవరినీ పిలవలేని స్థితిని కావాలని తెచ్చుకున్న శిల్పి జి. రవీందర్ రెడ్డి. 1956లో సూర్యాపేటలో పుట్టి, బరోడాలోని మహారాజా సయాజీరావు విశ్వవిద్యాలయంలో శిల్పకళ అభ్యసించి, ఆ తరువాత లండన్‌లోని గోల్డ్‌స్మిత్స్ కళాశాలలోనూ రాయల్ కాలేజ్ ఆఫ్ ఆర్ట్‌లోనూ చదివి, అహ్మదాబాద్‌లో కొన్నేళ్లు పనిచేసి, 1990ల నుంచి విశాఖపట్నంలోని ఆంధ్ర విశ్వవిద్యాలయంలో విద్యార్థులకు శిల్పకళ నేర్పినవారాయన. 1996లో న్యూయార్క్‌లోని ఆసియా సొసైటీ ఏర్పాటు చేసిన ఆసియా సమకాలీన కళా ప్రదర్శనలో ఆయన శిల్పాలున్నాయి. 2001లో పిట్స్‌బర్గ్‌లోని ఆండీ వార్హోల్ మ్యూజియం ఆయన పనిని ప్రదర్శించింది. ఆయనకు అంతటి పేరు తెచ్చినవి చాలావరకు స్త్రీల తలలే. భుజాలు, చేతులు, ఒళ్లు ఏవీ లేకుండా, మెడ దగ్గర ఆగిపోయి, ఆ మెడనే పీటగా చేసుకుని నేలమీద నిలబడే తలలు. వాటిలో కొన్ని మనిషి ఎత్తును మించుతాయి.

ఈ తలలను ముఖచిత్రణ, అంటే పోర్ట్రెయిట్, అనవచ్చా అన్నది మొదట తేల్చుకోవలసిన ప్రశ్న. ఎదురుగా ఒక మనిషిని కూర్చోబెట్టుకుని, లేదా ఆ మనిషి ఫొటో పెట్టుకుని, చూసి చేసినదే ముఖచిత్రమని అనుకుంటే ఇవి ముఖచిత్రాలు కావు. అయితే ఇవి అమ్మవారి విగ్రహాలూ కావు, అలంకారం కోసం చేసిన బొమ్మలూ కావు. వీటిలో కొన్నింటికి కృష్ణవేణి లాంటి పేర్లున్నాయి. అంటే రేషన్ కార్డులోనో, పొలంలో కూలి హాజరు రాసే పుస్తకంలోనో, బడి రిజిస్టరులోనో కనిపించే మామూలు తెలుగు ఆడపేర్లు. పేరు ఒక వ్యక్తిని చూపిస్తుంది, ముఖం మాత్రం ఏ ఒక్క వ్యక్తి దగ్గరా ఆగదు. ఆయన పద్ధతిలోని కొత్తదనమంతా ఈ రెంటి మధ్య ఉన్న ఖాళీలో ఉంది.

పేరుకూ ముఖానికీ మధ్య ఇలాంటి ఎడం తెలుగు నేలకు కొత్తేమీ కాదు. తిరుమల ఆలయంలో చేతులు జోడించి నిలిచిన శ్రీకృష్ణదేవరాయల విగ్రహాన్నీ, ఆయన దేవేరులు తిరుమలదేవి, చిన్నాదేవి విగ్రహాలనూ చూసినవారికి వాళ్లెవరో తెలిసేది ముఖకవళికల వల్ల కాదు, భుజాల మీద చెక్కిన పేర్ల వల్ల. ముఖాలు ఆనాటి శిల్ప సంప్రదాయం కోరిన కొలతల్లోనే ఉన్నాయి. వ్యక్తిని పేరూ, తలమీది పొడవాటి కుళ్లాయీ, నిలబడిన భంగిమా పట్టిచ్చాయి. చిత్రకళకు ఆరు అంగాలు చెప్పిన పూర్వులు వాటిలో సాదృశ్యాన్ని, అంటే పోలికను, ఒకటిగా చెప్పారు గానీ దానితోపాటు ప్రమాణం (కొలత), భావం, లావణ్యం కూడా చెప్పారు. సాదృశ్యం ఒక్కటే చాలునని వాళ్లు అనుకోలేదు.

గోదావరి డెల్టా కూడళ్లలో ఈనాటి విగ్రహాలను కాస్త నిదానంగా చూస్తే అక్కడా జరుగుతున్నది దాదాపు ఇదే. నీలం కోటు, కళ్లజోడు, చేతిలో పుస్తకం, ముందుకు చాచిన వేలు కనిపిస్తే అది అంబేడ్కర్ విగ్రహమని వంద గజాల దూరం నుంచే తెలుస్తుంది. గుర్రమెక్కిన దొర కనిపిస్తే, 1847 నుంచి 1852 వరకు ధవళేశ్వరం దగ్గర ఆనకట్ట కట్టించిన సర్ ఆర్థర్ కాటన్ అని పిల్లలు కూడా చెబుతారు. 2022 జులై 4న భీమవరంలో ఆవిష్కరించిన ముప్ఫై అడుగుల కంచు విగ్రహాన్ని అల్లూరి సీతారామరాజుగా పట్టిచ్చేవి విల్లు, గడ్డం. ఇంటివాళ్లు మట్టి దశలో అంత పట్టుబట్టి సరిచేయించే ముక్కూ బుగ్గా, విగ్రహం దిమ్మె ఎక్కి పది పన్నెండు అడుగుల ఎత్తుకు వెళ్లాక, బస్సులో వెళ్లేవాళ్లకు కనిపించనే కనిపించవు. కనిపించేది ఆహార్యం.

రవీందర్ రెడ్డి చేసిన పని ఈ దృష్టికి చాలా సూటిగా అర్థమవుతుంది. జనం నిజంగా దేనిని చూసి మనిషిని గుర్తుపడతారో దానినే ఆయన ముందుకు తెచ్చి, గుర్తుపడుతున్నామని మనం అనుకునే ముఖకవళికలను వెనక్కి నెట్టారు. ఆయన చేసిన తలల్లో నుదుటి ముడతలుండవు, పుట్టుమచ్చలుండవు, నవ్వీ నవ్వని పెదవి ఒంపు ఉండదు. చెంపలు నునుపుగా, నిండుగా, ఒకే వంపులో సాగిపోతాయి. బొట్టు, కాటుక, ఎర్రని పెదవులు, చెవులకు ముక్కుకు పెట్టుకునేవి, తలలో పూలు మాత్రం తేటగా, ఎక్కడా తడబాటు లేకుండా ఉంటాయి. ఆ మనిషి రోజూ పొద్దున అద్దం ముందు నిలబడి తనకు తాను ఏ రూపం ఇచ్చుకుంటుందో శిల్పి దానిని పట్టుకున్నాడు. పుట్టుకతో వచ్చిన ముఖం కన్నా, ఒక స్త్రీ తన చేత్తో తీర్చిదిద్దుకున్న ముఖమే ఆమెను ఎక్కువగా చూపిస్తుందన్న నమ్మకం ఆ పనిలో కనిపిస్తుంది. ఈ నమ్మకం చిన్నది కాదు. చిత్రకారులు శతాబ్దాలుగా అలంకారాన్ని తొలగించి అసలు మనిషిని చూపించాలని ప్రయత్నించారు. ఈయన అలంకారంలోనే అసలు మనిషి ఉందంటున్నారు.

అందుకే ఈ తలలను ముందునుంచి చూసి వెళ్లిపోతే సగం కూడా చూసినట్టు కాదు. కూడలి విగ్రహానికి ఒక రోడ్డు ఎప్పుడూ వీపు వైపే ఉంటుంది, ఆ వీపు మీద శిల్పి పెద్దగా శ్రద్ధ పెట్టడు. పెట్టమని అడిగేవారూ ఉండరు. రవీందర్ రెడ్డి తలల్లో అసలైన శిల్పం చాలాసార్లు వెనుకే ఉంటుంది. పాపిట తీసి, వెనక్కి దువ్వి, ముడి వేసి, ఆ ముడి చుట్టూ పూలు పెట్టిన కొప్పు అక్కడ ఒక గోపురంలాగా లేస్తుంది. ముందువైపు నునుపుగా, కదలిక లేకుండా ఉన్న శిల్పం వెనక్కి వచ్చేసరికి పాయలు పాయలుగా, పువ్వు పువ్వూ విడివిడిగా, ఎంత తిరిగినా తరగని పనితనంగా మారిపోతుంది.

ఈ పనితనాన్ని గుర్తుపట్టడానికి డెల్టా మనుషులకు మ్యూజియంలో నడిచిన అలవాటు అక్కర్లేదు. కడియం పూల మార్కెట్టు నుంచి పొద్దున్నే బయలుదేరే బుట్టల్లో బంతి, చేమంతి, కనకాంబరం, మల్లె, మరువం ఊళ్లకు చేరతాయి. వాటిని మూరల లెక్కన కొని తలలో పెట్టుకునే తీరులోనే వయసు, ఊరు, పెళ్లి, పండగ, ఆవేళ చేయబోయే పని అన్నీ తెలిసిపోతాయి. ఊడ్పులకు వెళ్లే మనిషి వేసుకునే ముడి వేరు, వ్రతానికి కూర్చునే ఇల్లాలి కొప్పు వేరు, ఓణీ వేసుకున్న పిల్ల పూలజడ వేరు. బస్సులో ముందు సీట్లో కూర్చున్న అపరిచితురాలి గురించి వెనుక సీట్లోవారికి తెలిసేదంతా ఆ జడ చెప్పినదే. వేణి అంటే జడ, కృష్ణవేణి అంటే నల్లని జడ గలది. ఆ పేరు నదికి పెట్టినా మనిషికి పెట్టినా అర్థం అదే. తల వెనుక అంత పని చేసిన శిల్పానికి ముఖాన్ని బట్టి కాక జడను బట్టి వచ్చిన పేరు ఉండటం యాదృచ్ఛికమే కావచ్చు గానీ, తెలుగు తెలిసినవారికి ఆ పేరు వినగానే శిల్పం చుట్టూ తిరిగి వెనక్కి వెళ్లాలనిపిస్తుంది.

ఇక కళ్లు. ఈ తలలను ఒక్కసారి చూసినవారు ఏది మరచిపోయినా ఆ కళ్లను మరచిపోలేరు. రెప్పలు పూర్తిగా విప్పుకుని, తెల్లగుడ్డు మధ్య నల్లగుడ్డు గుండ్రంగా నిలిచి, చుట్టూ కాటుక గీతతో, అవి నేరుగా ఎదుటివారి వైపే ఉంటాయి. పాశ్చాత్య సంప్రదాయంలో ముఖచిత్రపు ప్రాణం చూపులో ఉంటుందంటారు. ఆ చూపులోంచి మనిషి లోపలికి, అంటే దిగులులోకో గర్వంలోకో ఒంటరితనంలోకో, చూసేవారు ప్రవేశించగలగాలి. ఇక్కడ ఆ తలుపు మూసి ఉంది. ఈ కళ్లు లోపలికి రానివ్వవు. చూస్తున్నవారినే నిలబెట్టి చూస్తాయి.

అలాంటి కళ్లు గోదావరి జిల్లాల్లో ఎక్కడ కనిపిస్తాయో వేరే చెప్పనక్కర్లేదు. భీమవరం మావుళ్లమ్మ ముందు నిలబడ్డవారికి మొదట కనిపించేవి ఆ విశాలమైన కళ్లే. ఊరి పొలిమేరలో, వేపచెట్టు కింద ముఖానికి పసుపు పూసిన రాతికి వెండి కళ్లు అతికిస్తే చాలు, అప్పటిదాకా రాయి అనుకున్నది అమ్మవారవుతుంది. శిల్పశాస్త్ర సంప్రదాయంలో కూడా విగ్రహానికి కళ్లు తెరిచే నేత్రోన్మీలనమే చివరి ఘట్టం. అంతవరకు అది చెక్కిన రాయి, ఆ తరువాత పూజ అందుకునే మూర్తి. ఈ సంప్రదాయంలో కన్ను మనసును బయటపెట్టే కిటికీ కాదు. భక్తుడు దేవతను చూడటం ఎంతో, దేవత భక్తుణ్ణి చూడటం అంతకన్నా ముఖ్యం. పెద్ద కళ్లు అందుకు. రవీందర్ రెడ్డి ఈ కళ్లను గ్రామదేవత దగ్గర నుంచి తెచ్చి కృష్ణవేణి అన్న పేరున్న మనిషికి పెట్టారు. దానితో చూసేవారికీ చూడబడేవారికీ మధ్య ఉన్న సంబంధం తలకిందులైంది. శిల్పంలోనూ చిత్రంలోనూ స్త్రీ ముఖం చాలాకాలంగా ఇతరులు తీరికగా చూడటానికి ఉన్నది. ఈ కళ్ల ముందు ఎవరూ అంత తీరికగా నిలబడలేరు.

గోదావరి ఒడ్డున ఆధునిక చిత్రకళ మొదలైన తీరును తలచుకుంటే ఈ మార్పు ఎంత దూరం వచ్చిందో తెలుస్తుంది. 1897లో రాజమహేంద్రవరంలో పుట్టిన దామెర్ల రామారావు, అక్కడి ఆర్ట్స్ కళాశాల ప్రిన్సిపాల్ ఆస్వాల్డ్ కూల్డ్రే ప్రోత్సాహంతో బొంబాయి జె.జె. స్కూల్ ఆఫ్ ఆర్ట్‌కు వెళ్లి చదువుకుని వచ్చారు. ఎదురుగా మనిషిని కూర్చోబెట్టి, వెలుగునీడలు గమనించి, ఎముక మీద చర్మం ఎలా నిలిచిందో పట్టుకుని గీసే విద్య ఆ తరంతో ఇక్కడ స్థిరపడింది. 1925లో, ఇరవై ఎనిమిదేళ్లు నిండకముందే ఆయన మరణించారు. రాజమహేంద్రవరంలో ఆయన పేరనే ఉన్న చిత్రకళామందిరంలో ఆ బొమ్మలను నేటికీ చూడవచ్చు. వాటిలో భారతీయ రేఖ మీద ఆయనకున్న మమకారమూ, పాశ్చాత్య పద్ధతిలో నేర్చిన పోలికా ఒకదానితో ఒకటి సర్దుకుంటూ సాగుతాయి. ఆ తరువాత 1933లో నరసాపురంలో పుట్టిన బాపు గీత వచ్చేసరికి పోలిక దారి మళ్లింది. అందమైన తెలుగు అమ్మాయిని చూసి బాపు బొమ్మలా ఉందంటారు. బొమ్మ మనిషిలా ఉందనడం పోయి, మనిషి బొమ్మలా ఉందనడం వచ్చింది. ఒక చిత్రకారుడు గీసిన ముఖం ఆ ప్రాంతపు మనుషులందరికీ కొలత కావడం ముఖచిత్రణ చరిత్రలో అరుదైన సంగతి, దానిని మనం చాలా తేలికగా తీసుకున్నాం. రవీందర్ రెడ్డి తలలు బాపు బొమ్మకు పూర్తిగా అవతలి ఒడ్డున ఉన్నాయి. అక్కడ సన్నని గీత, వాలిన రెప్పలు. ఇక్కడ బరువైన గుండ్రని ఘనం, వాలని రెప్పలు. కానీ రెండుచోట్లా ప్రత్యేకంగా ఎవరి ముఖమూ లేదు, రెండుచోట్లా అందరూ ఎవరో ఒకరిని గుర్తుపడతారు.

పదార్థం సంగతి కూడా చూడాలి. రవీందర్ రెడ్డి టెర్రాకోట అనే కాల్చిన మట్టిలోనూ కంచులోనూ పనిచేసినా, ఎక్కువగా వాడినది పాలియెస్టర్ రెజిన్‌తో చేసే ఫైబర్‌గ్లాస్. మట్టిలో రూపం చేసి, ప్లాస్టర్‌తో అచ్చు తీసి, ఆ అచ్చులో గాజుపీచు పరుస్తూ రెజిన్ పూస్తే, గట్టిపడ్డాక లోపల బోలుగా, బయట రాయంత దిట్టంగా, మోయడానికి తేలికగా ఉండే శిల్పం వస్తుంది. కూడళ్లలో నేతల విగ్రహాలకూ, ఉత్సవాల పందిళ్లలో పెట్టే బొమ్మలకూ ఫైబర్ అన్న పేరుతో వాడేది ఇదే. కంచు ఖర్చు భరించలేని ఊళ్లలో ఫైబర్ విగ్రహం చేయించి, పైన కంచు రంగో బంగారు రంగో పూయిస్తారు. దూరం నుంచి లోహంలా కనిపించాలని ఆశ. ఎండకూ వానకూ రంగు వెలిసిన చోట ఆ ఆశ బయటపడిపోతుంది. రవీందర్ రెడ్డి తలల మీద కూడా బంగారు పూత ఉంటుంది, కొన్నింటి మీద నిజమైన బంగారు రేకే ఉంటుంది. కానీ ఆ పూత తాను లోహాన్నని నటించదు. బంగారు చెంప పక్కనే తెల్లగా, నల్లగా రంగు వేసిన కన్ను, ఎర్రటి పెదవి, నిగనిగలాడే నల్లటి జుట్టు ఉంటాయి; అది పూసిన బంగారమేనని శిల్పమే చెబుతుంది. ముఖానికి పసుపు రాసుకున్నట్టు, అమ్మవారికి తొడుగు వేసినట్టు, బంగారం ఇక్కడ ఒక అలంకారం.

ఎవరికి అంత పెద్ద రూపం దక్కుతుందన్నది దీనితో ముడిపడిన ప్రశ్న. విగ్రహం చేయించడం అంటే ఒక మనిషి లేకపోయినా ఉన్నట్టు భావించడం. లంకల గన్నవరంలో జీవితమంతా అన్నదానం చేసి 1909లో కన్నుమూసిన డొక్కా సీతమ్మ గారి గురించి కోనసీమలో ఒక కథ చెప్పుకుంటారు. ఏడవ ఎడ్వర్డ్ చక్రవర్తి పట్టాభిషేక సందర్భంగా ఆమెను పిలిచారట; ఆమె రానన్నారట; కనీసం ఫొటో అయినా పంపమన్నారట. ఫొటో తీయించుకోవడానికి కూడా ఇష్టపడని ఆ తల్లి, అది పంపకపోతే తన ఉద్యోగం పోతుందని అధికారి బతిమాలితే అతని కోసం ఒప్పుకున్నారట. ఆ ఫొటోను కుర్చీలో ఉంచి గౌరవించారట. ఫొటో మనిషికి బదులుగా కుర్చీలో కూర్చోగలదన్న నమ్మకం మీదే ఈ కథ అంతా నిలబడింది. అయితే ఆ కుర్చీ ఒక డొక్కా సీతమ్మకే దక్కింది. డెల్టాలో స్త్రీల విగ్రహాలు అరుదు. ఉన్నవి మహా త్యాగం చేసినవారివి. మామూలు ఇల్లాలికి, కూలి మనిషికి పెద్ద బొమ్మ దక్కేది సాధారణంగా ఒకేసారి, పోయిన తరువాత. పెళ్లినాటి గ్రూపు ఫొటోలోంచో, ఆధార్ కార్డు మీది ముఖంలోంచో కత్తిరించి, స్టూడియోలో ఎన్లార్జ్ చేయించి, వెనుక నీలం రంగు వేయించి, పట్టుచీర తొడిగించి, దండ వేస్తారు. పెద్దకర్మ రోజున అదే ఫ్లెక్సీ అయి వీధి మొదట నిలుస్తుంది. బతికి ఉన్నన్నాళ్లూ ఆ ముఖం అంత పెద్దదిగా ఎవరికీ కనిపించి ఉండదు.

రవీందర్ రెడ్డి తలల పరిమాణానికి ఉన్న బలం ఇక్కడుంది. దేవతకూ రాజుకూ నాయకుడికీ కేటాయించిన కొలతను ఆయన కాటుక పెట్టుకుని, పూలు ముడుచుకుని రోడ్డు మీద ఎదురయ్యే స్త్రీకి ఇచ్చారు. దిమ్మె కూడా లేదు. ఎత్తున నిలబెట్టి కిందినుంచి చూడమనలేదు. నేలమీద, చూసేవారి ముఖానికి ఎదురుగా పెట్టారు.

పెద్ద ముఖాలు అనగానే అమెరికన్ చిత్రకారుడు చక్ క్లోజ్ గుర్తుకొస్తాడు. 1967-68లో ఆయన గీసిన స్వీయచిత్రం దాదాపు తొమ్మిదడుగుల ఎత్తు. ఫొటో మీద గళ్లు గీసుకుని, ఒక్కొక్క గడినీ కాన్వాసు మీద పెద్దది చేసి గీయడం ఆయన పద్ధతి. గోడల మీదా సినిమా బ్యానర్ల మీదా బొమ్మలు గీసిన మన చిత్రకారులూ అలాగే గళ్లు గీసేవారు, పని పూర్తయ్యాక ఆ గీతలు కనిపించకుండా చేసేవారు. క్లోజ్ తరువాతి చిత్రాల్లో ఆ గళ్లను దాచకుండా వదిలేశాడు. ఎదురుగా ఉన్న మనిషి ముఖాన్ని గుర్తుంచుకోలేని నాడీ సంబంధ లోపం ఆయనకు ఉండేది. ఒక ముఖం మీది ప్రతి రంధ్రాన్నీ, ప్రతి వెంట్రుకనూ లెక్కపెట్టి ఆ మనిషిని దక్కించుకోవాలని చూశాడాయన. రవీందర్ రెడ్డి సరిగ్గా ఎదురు దారిలో వెళ్లి, రంధ్రాలూ వెంట్రుకలూ వదిలేసి మనిషిని నిలబెట్టారు. రెండూ ఫొటో రాజ్యమేలుతున్న కాలంలో ముఖానికి వెతికిన దారులే.

ఈ తలలపై ఉన్న అభ్యంతరాలను పక్కకు నెట్టడం న్యాయం కాదు. అన్ని తలలకూ దాదాపు అవే కళ్లు, అదే నిశ్చలత ఉన్నప్పుడు స్త్రీ ఒక వ్యక్తిగా కాక ఒక నమూనాగా మిగలదా అన్నది వాటిలో ముఖ్యమైనది. పూలు, బొట్టు, బంగారం కలిసి ఒక అందమైన దేశవాళీ వస్తువుగా, హోటల్ ప్రాంగణాలకు తగిన అలంకారంగా మారిపోయే ప్రమాదమూ ఉంది. ఇందులో కొంత నిజం ఉంది. ఈ శిల్పాలను ఫొటోల్లో, ముందునుంచి మాత్రమే, ఒకదాని పక్కన ఒకటి పెట్టి చూస్తే అన్నీ ఒకేలా కనిపిస్తాయి. కానీ ఒకదాని చుట్టూ పూర్తిగా తిరిగి, తరువాత రెండోదాని చుట్టూ తిరిగితే తేడాలు ఒకటొకటిగా తేలతాయి. ఒక తలకు మెడ నిటారుగా ఉంటే మరొకదానికి పొట్టిగా, బలంగా ఉంటుంది. ఒకచోట పెదవులు బిగిసి ఉంటే ఇంకోచోట మాట ఆపుకున్నట్టు కొద్దిగా ఎత్తుగా ఉంటాయి. కొప్పులైతే రెండు ఒకలా ఉండవు. కుటుంబంలో అక్కచెల్లెళ్లను బయటివారు ఒకరనుకుని మరొకరిని పిలుస్తారు. ఇంట్లోవారు వెనుకనుంచి, నడిచే తీరును బట్టి, జడ ముడిని బట్టి తేడా చెప్పేస్తారు. ఈ శిల్పాలు చూసేవారిని బయటివారి స్థానం నుంచి ఇంట్లోవారి స్థానానికి రమ్మంటాయి. రావడానికి కొంత సమయం పడుతుంది. కొత్తపేటలో మట్టి తల ముందు నిలబడి బుగ్గనూ ముక్కునూ సరిచేయించే ఇంటివాళ్లకు ఆ సమయం ఒక జీవితకాలం ముందే దొరికి ఉంటుంది. ఇక్కడ శిల్పం చుట్టూ నడుస్తూనే దాన్ని సంపాదించుకోవాలి.